తెలియనివాళ్ళతో మాట్లాడొద్దు

మా అమ్మాయి ఎనిమిదో తరగతి. పోయినేడు దసరా సెలవులకి ముందు, తరగతి పిల్లలు పెట్టుకున్న వాట్సాప్ గ్రూపులో ఎవరో దాని ఫొటో ఒకటి స్టిక్కరుగా చేసి తిప్పడం మొదలెట్టారు. మరీ ఘోరమైన ఫొటో ఏం కాదు. స్కూలు పిక్నిక్కులో పులిహోర ముద్ద నోట్లో పెట్టుకుంటుంటే తీసింది. ఎవరు ఏమడిగినా జవాబుగా ఆ స్టిక్కరు పడేయడం, కింద అందరూ నవ్వడం. హోంవర్కు ఏంటని అడిగితే స్టిక్కరు. బస్సు లేటంటే స్టిక్కరు. ఇలా మూడు వారాలు నడిచింది. నాకు తెలిసింది ఆ మూడు వారాలూ అయ్యాక, అదీ వాళ్ళమ్మ చెబితే.

ఇరవై ఏళ్ళు పైబడి సాఫ్ట్‌వేర్లో ఉన్నవాణ్ణి కదా, వెంటనే నా తెలివి చూపించా. ఫోను లాక్కున్నా.

"అందుకే నీకు చెప్పలేదు నాన్నా" అంది.

నిజమే కదా. వెధవ పని చేసింది వాళ్ళు, ఫోను పోయింది దీనికి. ఆ రాత్రి నిద్ర పట్టక ఈ సైబర్ బుల్లీయింగ్ సంగతి అసలు ఎక్కణ్ణుంచి మొదలైంది, ఎవరెవరు ఏం చేసి చూశారు అని చదవడం మొదలెడితే, అది ఓ నెల పట్టింది. ఈ టపా ఆ చదువు ఫలితం. నేను చరిత్రకారుణ్ణీ కాదు, సైకాలజిస్టునీ కాదు. చదివినవాటిలో నాకు ముఖ్యం అనిపించినవే ఇక్కడ రాస్తున్నా.

ముందుగా బుల్లీయింగ్ అన్న మాట. తెలుగులో దీనికి సరిసమానమైన మాట నాకు దొరకలేదు. "ఏడిపించడం" అంటాం. మాటలోనే ఏడుపు ఉంది, అయినా దాన్ని సరదా ఖాతాలోనే జమ వేసుకున్నాం. "ఊరికే ఏడిపిస్తున్నాడ్లే, నువ్వు పట్టించుకోకు" అనే సలహా వినకుండా పెరిగినవాడు మనలో ఎవడైనా ఉన్నాడా? మా తరగతిలో ఒకడికి నత్తి. పదో తరగతి అయ్యేదాకా వాడి అసలు పేరుతో పిలిచింది మేష్టర్లు మాత్రమే, అదీ హాజరు వేసేటప్పుడు.

మిగతా ప్రపంచమూ చాలాకాలం ఇలాగే ఉంది. 1969లో స్వీడన్లో పీటర్ పాల్ హైనెమన్ అనే డాక్టరు, పిల్లలు గుంపుగా చేరి ఒకర్ని హింసించడం గురించి రాస్తూ "మాబ్నింగ్" అన్న మాట వాడాడు. ఆ మాట జంతువుల ప్రవర్తన మీద పరిశోధన చేసిన కాన్రాడ్ లోరెంజ్ దగ్గర్నుంచి తెచ్చుకున్నది. గుడ్లగూబ పగటిపూట బయట కనబడితే కాకులన్నీ చేరి అరుస్తూ తరమడం మీరు చూసే ఉంటారు. అదన్నమాట. తర్వాత డాన్ ఓల్వియస్ అనే పరిశోధకుడు 1970లలో స్వీడన్ బడుల్లో దీన్ని శాస్త్రీయంగా లెక్కకట్టడం మొదలుపెట్టాడు. ఆయనకి ఈ కాకుల పోలిక పెద్దగా నచ్చలేదు. గుంపు గుంపు అంటే ఎవడి బాధ్యతా కనబడకుండా పోతుంది, చాలాసార్లు దీని వెనక ఒకరో ఇద్దరో నడిపేవాళ్ళు ఉంటారు అని ఆయన వాదన.

ఆయన మాట ప్రభుత్వాల చెవిన పడటానికి మాత్రం పిల్లల ప్రాణాలు పోవాల్సి వచ్చింది. 1982 చివర్లో నార్వే ఉత్తర ప్రాంతంలో పది నుంచి పధ్నాలుగేళ్ళ లోపు మగపిల్లలు ముగ్గురు ఆత్మహత్య చేసుకున్నారు. తోటిపిల్లల వేధింపే కారణం అయ్యుండొచ్చని పేపర్లు రాశాయి, దేశం గగ్గోలెత్తింది. 1983లో నార్వే విద్యాశాఖ దేశమంతటా ఒక కార్యక్రమం పెట్టింది. అందులో భాగంగా బెర్గెన్ నగరంలో ఓల్వియస్ 42 బడుల్లో దాదాపు 2,500 మంది పిల్లల్ని రెండేళ్ళపాటు గమనించాడు. చేసినవేవీ గొప్ప పనులు కావు. పేరు రాయక్కర్లేని ప్రశ్నపత్రం, ఆటవిడుపు వేళ పెద్దవాళ్ళ కాపలా, తరగతిలో అందరూ కూర్చుని ఒప్పుకున్న నాలుగు నియమాలు, ఏడిపించినవాడితోనూ వాడి తల్లిదండ్రులతోనూ విడిగా మాట్లాడటం. అక్కడ వేధింపు సగానికి సగం, కొన్ని లెక్కల్లో అంతకంటే ఎక్కువే తగ్గిందని తేలింది. అప్పటికి ఏ బడిలోనూ ఇంటర్నెట్ లేదు. ఇది గుర్తుపెట్టుకోండి, మళ్ళీ వస్తా.

ఓల్వియస్ నిర్వచనంలో మూడు ముక్కలున్నాయి. బాధపెట్టాలని చెయ్యడం, మళ్ళీ మళ్ళీ చెయ్యడం, చేసేవాడికీ పడేవాడికీ మధ్య బలంలో తేడా. ఇరవై ఏళ్ళ తర్వాత ఇంటర్నెట్ వచ్చి ఈ స్పెసిఫికేషన్ని ఎడాపెడా బద్దలుకొట్టింది. "మళ్ళీ మళ్ళీ" ఎవరు చేస్తున్నట్టు? మా అమ్మాయి స్టిక్కరు చేసినవాడు ఒక్కసారే చేశాడు. మిగతా నలభైమంది తలా ఒకసారి నొక్కారు. ఎవణ్ణి అడిగినా "నేను ఒక్కసారే అంకుల్" అంటాడు, అదీ నిజమే. బలం అంటే కండబలం అక్కర్లేదు, ఒక దొంగ అకౌంటు చాలు. అన్నిటికంటే ముఖ్యం, మా రోజుల్లో సాయంత్రం బెల్లు కొట్టాక ఇల్లంటూ ఒకటి ఉండేది. నత్తి ఉన్న మా వాడు కూడా ఇంటికెళ్ళి ప్రశాంతంగా అన్నం తినేవాడు.

"సైబర్ బుల్లీయింగ్" అన్న మాటని 2000 తర్వాత ప్రచారంలోకి తెచ్చినవాళ్ళలో బిల్ బెల్సీ అనే కెనడా ఉపాధ్యాయుడు ముఖ్యుడు. ఆ మాట ఇంకా డిక్షనరీలకెక్కక ముందే 2003లో రెండు సంఘటనలు జరిగాయి. ఒకటి నన్ను తండ్రిగా కుదిపేసింది. రెండోదాన్లో నేనూ ముద్దాయినే.

మొదటిది అమెరికా వెర్మాంట్ రాష్ట్రంలో ఎసెక్స్ జంక్షన్ అనే ఊళ్ళో. జాన్ హాలిగన్ ఐబీఎంలో ఇంజనీరు. అంటే మన జాతే. ఇంట్లో కంప్యూటర్ వాడకానికి పిల్లలకి నియమాలు పెట్టాడు. తెలియనివాళ్ళతో చాట్ చెయ్యొద్దు. తెలియనివాళ్ళకి పేరు, అడ్రసు, ఫోను నంబరు ఇవ్వొద్దు. తెలియనివాళ్ళకి ఫొటోలు పంపొద్దు. ఆఖరుది, రహస్య పాస్‌వర్డులు ఉండకూడదు, ఏ అకౌంటు తెరిచినా నేనిచ్చిన పాస్‌వర్డే పెట్టుకోవాలి. అంత పొద్దున్నే, 2003లోనే, ఇంత పకడ్బందీగా ఆలోచించిన తండ్రిని నేను ఇంకొకర్ని చూడలేదు.

వాళ్ళబ్బాయి రయన్ చదువులో కొంచెం వెనకబడ్డవాడు. ఒక పిల్లాడు వాణ్ణి ఎప్పట్నుంచో ఏడిపిస్తుండేవాడు. మధ్యలో ఒకసారి దెబ్బలాట కూడా అయ్యి, తర్వాత ఇద్దరూ స్నేహితులయినట్టు కనబడ్డారు. ఆ స్నేహంలో రయన్ చెప్పుకున్న ఏదో మాటని వంకరతిప్పి, వాడు స్వలింగ సంపర్కుడంటూ ఆ పిల్లాడే పుకారు లేపాడు. 2003 వేసవి సెలవులంతా రయన్ ఏఓఎల్ ఇన్‌స్టంట్ మెసెంజర్లో గడిపాడు. తరగతిలో అందరూ ఇష్టపడే ఒకమ్మాయి వాడంటే ఇష్టం ఉన్నట్టు చాట్ చేసింది. వాడు మనసులో మాటలన్నీ రాసుకున్నాడు, ఆ అమ్మాయి వాటిని స్నేహితులకి చూపించి నవ్వుకుంది. బడి తెరిచాక నలుగురి ముందూ "నువ్వొక పనికిరానివాడివి, అదంతా వేళాకోళం" అన్నట్టు చెప్పేసింది. అక్టోబర్ 7న రయన్ ప్రాణం తీసుకున్నాడు. వాడికి పదమూడేళ్ళు. తండ్రి ఆఫీసు పని మీద ఊళ్ళో లేడు.

ఆ తర్వాత ఆయన చేసిన పని ఏ ఇంజనీరైనా చేసే పనే. పాస్‌వర్డు తెలుసు కాబట్టి కొడుకు మెసెంజర్ అకౌంటులోకి లాగిన్ అయ్యాడు. రయన్ డెడ్ఎయిమ్ అనే చిన్న ప్రోగ్రాం వేసుకున్నాడు, అది సంభాషణలన్నీ దానంతటదే దాచిపెడుతుంది. లాగ్ ఫైళ్ళు. మనం ప్రొడక్షన్ సర్వర్ పడిపోతే లాగ్‌లు తెరిచి కూర్చోమూ? ఆయన కొడుకు చచ్చిపోయాక తెరిచి కూర్చున్నాడు. అందులో ఒక్కడు కూడా తెలియనివాడు లేడు. అందరూ అదే బడి, అదే తరగతులు.

ఈ భాగం దగ్గర చాలాసేపు ఆగిపోయా. నాలుగు నియమాల్లో మూడింట్లో "తెలియనివాళ్ళు" అని ఉంది. నాలుగోదైన పాస్‌వర్డు నియమం, పాపం, జరిగిపోయాకే పనికొచ్చింది. ఆయన్ని తప్పుపట్టడానికి రాయట్లేదు. మా ఇంట్లో నేను పెట్టిన నియమాలు కూడా అవే. మీ ఇంట్లోవీ అవే అయ్యుంటాయి. ఫైర్‌వాల్ అంతా బయటివైపుకి తిప్పి పెట్టుకున్నాం.

పోలీసుల దగ్గరకెళితే, దీనికి వర్తించే నేరమంటూ చట్టంలో లేదన్నారు. హాలిగన్ పట్టువదలకుండా తిరిగి, 2004లో వెర్మాంట్ రాష్ట్రంలో వేధింపు నివారణ చట్టం తెప్పించాడు. గమనించాల్సిందేమిటంటే అది పిల్లల్ని జైల్లో వేసే చట్టం కాదు, బడికి బాధ్యత పెట్టే చట్టం. ఫిర్యాదు ఎలా తీసుకోవాలి, ఎవరు విచారించాలి అన్నది బడి ముందే రాసిపెట్టుకోవాలి. తర్వాత ఆయన ఉద్యోగం మానేసి, ఊరూరా బడులు తిరిగి కొడుకు కథ చెబుతూ వచ్చాడు. ఆ పిల్లాడి మీదా, ఆ అమ్మాయి మీదా పగ పెట్టుకోలేదు. నాకైతే అంత గుండె లేదు, నిజం ఒప్పుకోవాలి.

ఇక రెండోది. కెనడాలో క్విబెక్ రాష్ట్రపు ఒక బడిలో, ఒక కుర్రాడు స్కూలు వీడియో గదిలో గోల్ఫ్ బంతులు ఏరే కర్ర పట్టుకుని స్టార్ వార్స్ సినిమాలోలా ఒంటరిగా కత్తియుద్ధం చేశాడు. కెమెరా ఆన్ చేసుకుని తనకోసమే తీసుకున్నాడు, టేపు అక్కడే మర్చిపోయాడు. 2003 ఏప్రిల్లో తోటివాళ్ళకి అది దొరికింది. నెట్లో పెట్టారు. కజా గుర్తుందా? దాంట్లోంచి బ్లాగులకీ, అక్కణ్ణుంచి ప్రపంచంలో ప్రతి ఆఫీసు ఇన్‌బాక్సుకీ పాకింది. యూట్యూబ్ పుట్టడానికి రెండేళ్ళ ముందు మాట. ఆ కుర్రాడు బడి మానేశాడు, మానసిక వైద్యం అవసరమైంది. తల్లిదండ్రులు ఆ పిల్లల కుటుంబాల మీద 2,50,000 కెనడా డాలర్లకి దావా వేశారు, 2006లో కోర్టు బయట రాజీ అయింది. మధ్యలో కొందరు బ్లాగర్లు జాలిపడి, చందాలు పోగేసి ఆ అబ్బాయికి ఐపాడ్ పంపారు. వీడియో ప్రపంచమంతా తిరగడంలో ముఖ్యపాత్ర వహించినవాళ్ళూ వాళ్ళే! ఆ అబ్బాయి తర్వాత లా చదువుకున్నాడు. పదేళ్ళకి, 2013లో మొదటిసారి నోరు విప్పి, తనని చచ్చిపొమ్మని రాసినవాళ్ళు ఉన్నారని చెప్పాడు.

2003లో నేను హైదరాబాదులో మొదటి ఉద్యోగంలో ఉన్నా. ఆ వీడియో మా టీము మెయిలింగ్ లిస్టుకి వచ్చింది. క్యూబికల్లో ఐదుగురం చేరి కడుపు చెక్కలయ్యేలా నవ్వాం. నేను దాన్ని కాలేజీ స్నేహితుల గుంపుకి ఫార్వర్డ్ చేశా. ఆ పిల్లాడికి ఒక అమ్మా నాన్నా ఉంటారని, వాళ్ళూ నాలాగే ఏదో ఆఫీసుకి వెళుతుంటారని ఒక్క క్షణం తట్టలేదు. అప్పుడు దాన్ని "ఫన్నీ మెయిల్" అనేవాళ్ళం.

సరే, చట్టాల దగ్గరికొద్దాం. వెర్మాంట్ తర్వాత అమెరికాని ఊపేసింది మిస్సౌరీ రాష్ట్రం కేసు. 2006 అక్టోబర్లో డార్డెన్ ప్రెయిరీ అనే చిన్న ఊళ్ళో మేగన్ అనే పదమూడేళ్ళ అమ్మాయి ప్రాణం తీసుకుంది. మైస్పేస్‌లో పరిచయమైన "జాష్" అనే పదహారేళ్ళ కుర్రాడు కొన్నాళ్ళు తియ్యగా మాట్లాడి చివర్లో చేదుగా తిట్టాడు. వారాల తర్వాత తెలిసిందేమిటంటే జాష్ అనేవాడే లేడు. ఆ అకౌంటు వెనక ఉన్నవాళ్ళలో, అదే వీధిలో నాలుగిళ్ళ అవతల ఉండే ఒక తల్లి కూడా ఉంది. మేగన్ మాజీ స్నేహితురాలి తల్లి. తన కూతురి గురించి ఏమనుకుంటోందో తెలుసుకోవాలనట.

ఇక్కడా చట్టం లేదు, స్థానిక ప్రాసిక్యూటరు చేతులెత్తేశాడు. అప్పుడు లాస్ ఏంజిలిస్‌లో ఉన్న ఫెడరల్ ప్రాసిక్యూటరు ఒక చిత్రమైన దారి పట్టాడు. మైస్పేస్ సర్వర్లు మా పరిధిలో ఉన్నాయి కాబట్టి కేసు మేం పెడతాం అని, 1986 నాటి హ్యాకింగ్ చట్టం బయటికి తీశాడు. దొంగపేరుతో అకౌంటు తెరవడం మైస్పేస్ షరతులకి విరుద్ధం, షరతులు మీరాక సర్వర్ వాడితే అది అనుమతి లేని ప్రవేశం, అంటే హ్యాకింగ్! 2008 నవంబర్లో జ్యూరీ పెద్ద నేరం కాదంది గానీ చిన్న నేరం కింద దోషి అని తేల్చింది. 2009లో జడ్జి జార్జ్ వూ దాన్నీ కొట్టేశాడు. ఎవరూ చదవని షరతులు మీరడమే నేరమైతే అది మరీ అస్పష్టమైన చట్టం అవుతుంది, ఏది నేరమో మామూలు మనిషికి తెలిసే దారుండదు అన్నది ఆయన తర్కం. ఆ తీర్పు చదివితే ఒళ్ళు మండుతుంది, కానీ ఆలోచిస్తే ఒప్పుకోక తప్పదు. "ఐ అగ్రీ" నొక్కేముందు చదివినవాడు చెయ్యెత్తండి. వయసు పదమూడు దాటిందని అబద్ధపు పుట్టిన సంవత్సరం పెట్టిన పిల్లలంతా కూడా ఆ లెక్కన హ్యాకర్లే.

సరిగ్గా ఇదే కథ మనకీ జరిగింది, కాకపోతే తిరకాసుగా. 2008లో మన ఐటీ చట్టాన్ని సవరించినప్పుడు 66ఏ అనే సెక్షను చేర్చారు, 2009 అక్టోబర్లో అమల్లోకొచ్చింది. చికాకు, అసౌకర్యం కలిగించే సందేశం పంపితే మూడేళ్ళ దాకా జైలు. కాగితం మీద చూస్తే పిల్లల్ని ఏడిపించేవాళ్ళకి మంచి మందే. ఆచరణలో అది ఎవరి మీద పడిందో మనకి తెలుసు. 2012 నవంబర్లో ముంబై బంద్ గురించి ఫేస్‌బుక్‌లో ఒక మాట రాసిన అమ్మాయినీ, దాన్ని లైక్ చేసిన అమ్మాయినీ పాల్ఘర్‌లో అరెస్టు చేశారు. శ్రేయా సింఘాల్ అనే లా విద్యార్థిని సుప్రీంకోర్టుకెళ్ళింది. 2015 మార్చి 24న జస్టిస్ చలమేశ్వర్ (మన కృష్ణా జిల్లాయనే), జస్టిస్ నారిమన్ ఉన్న ధర్మాసనం ఆ సెక్షను మొత్తాన్నీ కొట్టేసింది. అక్కడా ప్రధాన కారణాల్లో ఒకటి అస్పష్టతే. చికాకు అంటే ఏమిటో, ఎవరి చికాకో ఎవడు నిర్ణయిస్తాడు?

ఇప్పుడు మన దగ్గర సైబర్ బుల్లీయింగ్ అనే పేరుతో విడిగా చట్టం లేదు. దొంగ ప్రొఫైలు పెడితే 66డి, ఆంతరంగిక ఫొటోలైతే 66ఇ, పిల్లల అశ్లీల చిత్రాలైతే 67బి, పోక్సో ఉంది. వెంటపడి వేధించడానికి భారతీయ న్యాయ సంహితలో 78వ సెక్షను ఉంది, అదీ ఆడవాళ్ళ విషయంలో. ఇవన్నీ అవసరమే. దొంగ అకౌంటుతో బెదిరించేవాడు, ఫొటోలు పెట్టుకుని ఆడపిల్లని పీడించేవాడు పోలీసుల దగ్గరికే వెళ్ళాలి, ఆలస్యం చెయ్యకూడదు. కానీ పులిహోర స్టిక్కరుకి ఏ సెక్షను? చేసినవాడికి పదమూడేళ్ళు. వాడి మీద కేసు పెడితే జువెనైల్ జస్టిస్ బోర్డు ముందు నిలబడతాడు. నేను కోరుకునేది అది కాదు.

నాకు కొంచెం బుర్రకెక్కిన ప్రయత్నం ఆస్ట్రేలియాది. 2015లో అక్కడ ఇందుకోసమే ఒక కమిషనర్ని పెట్టారు. పిల్లల మీద వేధింపు రాత ఏదైనా ఉంటే ముందు సైటుకే చెప్పాలి, సైటు పట్టించుకోకపోతే కమిషనరుకి. ఆ అధికారి తీసెయ్యమని నోటీసు ఇవ్వొచ్చు. 2021 చట్టంతో సైటుకిచ్చే గడువు 24 గంటలకి కుదించారు. ఎవరు నేరస్థుడని కాకుండా, ఆ రాత ఎంత తొందరగా దిగిపోతుంది అన్నది వాళ్ళ ప్రశ్న. మన భాషలో చెప్పాలంటే దోషి ఎవడని మీటింగు పెట్టేముందు సర్వీసు పునరుద్ధరించడం. (పదహారేళ్ళలోపు వాళ్ళకి సోషల్ మీడియా అకౌంట్లే వద్దని 2025 డిసెంబర్లో పెట్టిన నిషేధం వేరే కథ. దాని గురించి నాకు అనుమానాలున్నాయి, పుట్టిన సంవత్సరం మార్చడం పిల్లలకి నేర్పక్కర్లేదు.)

సాఫ్ట్‌వేర్ వైపు నుంచి కూడా ఒక మంచి ఆలోచన వచ్చింది. ఏడిపించేవాణ్ణి బ్లాక్ చెయ్యొచ్చు కదా అని పెద్దవాళ్ళం తేలిగ్గా అనేస్తాం. బ్లాక్ చేస్తే వాడికి తెలిసిపోతుంది, మర్నాడు బడిలో వాడే ఎదురవుతాడు. పిల్లలు ఈ ముక్క చెప్పాక ఇన్‌స్టాగ్రామ్ 2019లో "రిస్ట్రిక్ట్" అనే సదుపాయం పెట్టింది. వాడు రాసిన కామెంటు వాడికొక్కడికే కనబడుతుంది, వాడికి ఆ సంగతి తెలియదు. తెలియనివాళ్ళ కోసం కాకుండా తెలిసినవాళ్ళ కోసం రాసిన కోడు అంటే ఇదీ.

ఇక నార్వే సంగతి మళ్ళీ వస్తానన్నా కదా. ఫిన్లాండ్‌లో క్రిస్టీనా సాల్మివల్లి అనే ప్రొఫెసరు 1996లో ఒక విషయం బయటపెట్టింది. ఏడిపించేవాడూ, ఏడ్చేవాడూ కాక తరగతిలో ఇంకా నాలుగు రకాల పిల్లలుంటారు. చెయ్యి కలిపేవాళ్ళు, నవ్వి ప్రోత్సహించేవాళ్ళు, చూసీ చూడనట్టుండేవాళ్ళు, అడ్డుపడేవాళ్ళు. నవ్వేవాళ్ళు లేకపోతే ఏడిపించేవాడికి లాభం లేదు. ఈ ఆలోచన మీద కట్టిన "కివా" అనే కార్యక్రమం 2009 నుంచి ఫిన్లాండ్ బడులంతటా వెళ్ళింది. అందులో గురి పెట్టేది ప్రధానంగా చూసేవాళ్ళ మీద. ఓల్వియస్‌కి నచ్చని కాకులు మళ్ళీ వచ్చి వాలాయి, ఈసారి కొంచెం ఉపకారంగా.

ఈ జాబితాలో నా పేరెక్కడో వెతుక్కోవాల్సిన పని లేకపోయింది. రెండో రకం.

మా ఇంటి సంగతి చెప్పి ముగిస్తా. ఫోను మర్నాడే తిరిగి ఇచ్చేశా. ఏం జరిగినా చెప్పినందుకు ఫోను పోదు అని కాగితం మీద రాసి సంతకం పెట్టమంది, పెట్టా. స్క్రీన్‌షాట్లు తేదీలతో సహా దాచాం. స్టిక్కరు చేసినవాడు మా అపార్ట్‌మెంటు పిల్లాడే, రెండు బ్లాకుల అవతల. మా ఇంట్లో సంక్రాంతి అరిసెలు తిన్నవాడు. వాళ్ళ నాన్నతో మాట్లాడటానికి నాకు రెండు రోజులు పట్టింది, ఆయన మొదట "పిల్లలన్నాక..." అన్నాడు, తర్వాత స్క్రీన్‌షాట్లన్నీ వరసగా చూసి ఊరుకున్నాడు. గ్రూపులో ఒకమ్మాయి మాత్రం మొదటి వారమే "చాలు ఆపండి" అని రాసి ఉంది. మా అమ్మాయి ఆ మాట నాకు రెండుసార్లు చూపించింది.

నేను చదువుతున్నదంతా దానికి కొంచెం కొంచెం చెబుతూ వచ్చా. కత్తియుద్ధం కుర్రాడి కథ విన్నాక, ఆ వీడియో నువ్వూ ఎవరికైనా పంపావా నాన్నా అని అడిగింది. పంపానన్నా. ఎంతమందికి అంది. గుర్తులేదన్నా.

నిజంగానే గుర్తులేదు.